కనకాంబరం రంగు: టీకా తాత్పర్య సహితం

మూలం: “కనకాంబరం రంగు చీర తీయండి, నారింజ కాదు.”

అవతారిక: పెళ్లిబట్టలకని వచ్చి, అప్పటికే నాలుగు నారింజ రంగు చీరలు విప్పించి పెదవి విరిచిన ఇల్లాలు, చీరల దుకాణంలోని గుమాస్తాతో పలికిన వాక్యమిది.

ప్రతిపదార్థం: కనకాంబరం = కనకాంబరపు పువ్వు యొక్క; రంగు = వర్ణం గల; చీర = చీరను; తీయండి = అరలోనుంచి దించి, మడత విప్పి చూపండి; నారింజ = నారింజపండు రంగు; కాదు = ఎంతమాత్రమూ కాదు.

టీక: కనక, అంబర శబ్దాలకు సవర్ణదీర్ఘసంధి జరిగి ఏర్పడిన ఈ పదానికి బంగారు వస్త్రమని అవయవార్థం, అనగా పదాన్ని విడదీస్తే వచ్చే అర్థం. సంస్కృతంలో చీర శబ్దానికీ వస్త్రమనే అర్థం ఉన్నందున, ‘బంగారు వస్త్రపు రంగు వస్త్రం’ అనడం పునరుక్తి, అనగా చెప్పినదే మళ్లీ చెప్పడమనే దోషమని పూర్వపక్షం, అనగా ఆక్షేపణ. అది నిలవదు, అవయవార్థం కంటే రూఢి, అనగా లోకవ్యవహారంలో స్థిరపడిన అర్థం, బలవత్తరమని శాస్త్రకారుల నిర్ణయం కనుక, ఇక్కడ కనకాంబరమంటే దక్షిణ భారతానికి, శ్రీలంకకు సహజమైనదీ, వృక్షశాస్త్రంలో క్రొసాండ్రా ఇన్‌ఫండిబులిఫార్మిస్ అనిపించుకొనేదీ అయిన మొక్క పూసే పువ్వే. బట్ట పేరు పువ్వుకు అప్పుగా వెళ్లి, రంగు పేరై మళ్లీ బట్టకే చేరింది. దారిలో బంగారపు పసుపు జారిపోగా, ఎరుపు వడ్డీగా కలిసింది.

పసుపు కనకాంబరాలూ ఉన్నాయి కదా, వాటికీ ఈ పేరు వర్తించి అతివ్యాప్తి, అనగా లక్షణం హద్దు దాటడమనే దోషం రాదా అంటే రాదు. పూలబుట్టలో, కదంబమాలలో జనం ఎరిగినది ఆ ఎర్రనారింజ పువ్వునే. పైగా దానికి వాసన లేదు. మల్లె, మరువం పరిమళాన్ని పంచుకోగా కదంబంలో దీని వంతుకు మిగిలింది రంగే కనుక, రంగుకు దీని పేరు పెట్టడం ఉచితం.

విశేషం: ‘వంటి’ అనే ఉపమావాచకం లోపించినందున అలంకారం లుప్తోపమ. గుమాస్తా సరైన చీరను గుర్తించడానికి ప్రమాణం ఉపమానం, అనగా తెలిసినదాని పోలికతో తెలియనిదాన్ని ఎరగడం. ఆవును ఎరిగినవాడే అడవిలో గవయాన్ని, అనగా ఆవును పోలిన అడవిమృగాన్ని, పోల్చుకోగలిగినట్లు, ఆ పువ్వును చూసినవాడే ఆ చీరను తీయగలడు. ‘నారింజ కాదు’ అన్న నిషేధం వ్యర్థం కాదు. దుకాణపు దీపాల కింద రెండు రంగులూ ఒకటిగా భ్రమింపజేయగలవు.

తాత్పర్యం: కనకాంబరం రంగు చీర కోరేవారు పేరును నమ్మక, దీపాన్ని అసలే నమ్మక, చీరను గుమ్మం దాకా తెచ్చి పగటి వెలుతురులో చూసిన పిదపనే వెల చెల్లించవలెనని భావం.