పది సెకన్ల మేఘసందేశానికి టీకా తాత్పర్యం

మూలం: మనిషి జాడ లేని మేఘాల కడలి, వనజంగి. టైమ్‌లాప్స్, పది సెకన్లు.

అవతారిక: ప్రకృతి ప్రేమికుడొకడు అల్లూరి సీతారామరాజు జిల్లా పాడేరు దగ్గరి వనజంగి కొండను చీకటితోనే ఎక్కి, ట్రైపాడ్ మీద కెమెరా నిలిపి, తెల్లారాక దిగివచ్చి తన వీడియో కింద రాసుకున్న వాక్యమిది. పైకి తేలిగ్గానే ఉంది. వ్యాఖ్యాతలకు పని పడేది ఇలాంటి వాక్యాలతోనే.

టీక: మేఘాల కడలి = లోయ నిండా పరుచుకున్న పొగమంచు. శీతాకాలంలో ఆకాశం నిర్మలంగా ఉన్న రాత్రి నేల తన వేడిని పైకి వదిలేస్తుంది. నేలనంటిన గాలి చల్లబడి, బరువెక్కి లోయలోకి జారుతుంది. అందులోని తేమ మంచుగా మారుతుంది. పైన వెచ్చటి గాలి మూతలా కూర్చోవడంతో ఆ మంచు లేవలేదు. మూతకు పైన నిలబడ్డవాడికి మేఘం కాళ్లకింద కనిపిస్తుంది. ఎండెక్కేకొద్దీ కడలి ఇంకిపోతుంది. రాత్రి మబ్బు పట్టినా, గాలి గట్టిగా వీచినా అసలు పుట్టనే పుట్టదు; మన ప్రకృతి ప్రేమికుడికి ఆ సంగతి కొండెక్కాకే తెలుస్తుంది.

పది సెకన్లు = ఇక్కడ లక్షణ చెప్పుకోవాలి. 5 సెకన్లకొక ఫొటో చొప్పున తీసి, సెకనుకు 24 ఫొటోలు చొప్పున ఆడిస్తే, 10 సెకన్లకు 240 ఫొటోలు కావాలి. కనుక వాచ్యార్థం పది సెకన్లు, లక్ష్యార్థం ఇరవై నిమిషాల వణుకు. ఈలోగా చల్లబడ్డ లెన్సుకు మంచు పడుతుంది. తుడిస్తే ట్రైపాడ్ కదులుతుంది, తుడవకపోతే కడలి మసకబారుతుంది. అందుకే తెలిసినవాళ్లు లెన్సుకు వేడిపట్టీ చుడతారు. చలికి బ్యాటరీ త్వరగా దిగిపోతుందని రెండోదాన్ని లోపలి జేబులో ఒంటివేడికి దాచుకుంటారు. వెలుతురు లెక్క ఆటోకు వదిలితే వీడియో మిణుకుమిణుకుమంటుంది. చేత్తో బిగించి వదిలేస్తే సూర్యుడు రాగానే ఫొటోతోపాటు తీసినవాడూ తెల్లబోతాడు.

మనిషి జాడ లేని = ఇక్కడ ‘ఫ్రేములో’ అని అధ్యాహారం చేసుకోవాలి. సీజన్లో ఆదివారం పూట ట్రైపాడ్ వెనక సెల్ఫీలు, టీ గ్లాసులు, పిల్లల ఏడుపులు, "అన్నా, కొంచెం పక్కకి జరుగుతావా" అనే కేకలు. ఫొటోలకు ఇవేవీ వినబడవు గనుక ఆ నిశ్శబ్దంలో వేణువు పెట్టడం సంప్రదాయం.

తాత్పర్యం: ఇరవై నిమిషాలు గజగజలాడి, జనాన్ని వెనక్కి సర్ది, లెన్సును కాపాడుకుని, ఇక్కడెవరూ లేరని కవి మనకు చెబుతున్నాడు.

అలంకారం: స్వభావోక్తి అని కొందరు. అది చింత్యం. మేఘం 120 రెట్లు వేగంగా పరుగెడుతుంటే అది అతిశయోక్తే. అయితే టైమ్‌లాప్స్ అని ముందే ఒప్పుకున్నాడు గనుక దోషం లేదు. దోషమంటే 1958 నాటి డిస్నీ చిత్రం ‘వైట్ వైల్డర్‌నెస్’ది. లెమ్మింగులనే చిట్టి జంతువులు తమంతట తామే గుంపుగా నీళ్లలోకి దూకుతాయని చూపి ఆస్కార్ కూడా కొట్టేసింది. వాటిని మనుషులే తోశారని 1982లో కెనడా టీవీ బయటపెట్టింది. ఏ ఆలంకారికుడూ దానికి పేరు పెట్టలేదు.

పాఠాంతరం: ఇదే వీడియో కొన్ని ఫోన్లలో ‘లంబసింగి’ పేరుతో తిరుగుతోంది. లంబసింగి ఊళ్లో మంచు మన చుట్టూ ఉంటుందే గాని కాళ్లకింద ఉండదు కదా అని వనజంగి పక్షం. దగ్గర్లోని చెరువులవేనం కొండెక్కి చూడండి, అక్కడా కిందే ఉంటుందని లంబసింగి పక్షం. వీడియో తీసినవాణ్ని అడిగితే సరిపోతుందని ఒక నవీనుడు సూచించాడు గాని, మూలకర్తను అడిగే ఆచారం వ్యాఖ్యాతలకు లేదు.