ఇంటిపేరు మారింది, పట్టా మారలేదు

1956 దాకా నారాయణఖేడ్ తాలూకా బీదర్ జిల్లాలో ఉండేది. రాష్ట్రాల పునర్విభజనలో మెదక్ జిల్లాకు వచ్చింది. 2016 అక్టోబర్ 11న మెదక్‌ను మూడు జిల్లాలు చేసినప్పుడు సంగారెడ్డి వాటాకు పడింది. అంటే ఆ తాలూకాలోని మన మనూరు అరవై ఏళ్లలో మూడు జిల్లాల పేర్లు మోసింది. ఒక్కసారైనా నోటరీ గడప తొక్కలేదు. పేపర్లో ప్రకటన వేయలేదు. "ఇంతకుముందు బీదర్‌కు చెందిన నేను ఇకపై మెదక్‌గా వ్యవహరింపబడుదును" అని ఎవరి ముందూ ప్రమాణం చేయలేదు. మెదక్ జిల్లా అని అచ్చయిన పాత పదో తరగతి మెమో ఇవాళ్టికీ చెల్లుతోంది. ఊరు ఊరి తీరుగనే ఉంది.

ఊరి సంగతి వదిలేయండి, మోటర్ సైకిల్‌ను చూడండి. 2024 మార్చిలో రాష్ట్రం బండి నంబర్ల మీది టీఎస్‌ను టీజీ చేసింది. కొత్త బండ్లకే కొత్త అక్షరాలు, పాతవి అట్లనే తిరగవచ్చు అని కూడా చెప్పింది. నారాయణఖేడ్ రోడ్ల మీద ఏపీ నంబరు బండి, టీఎస్ నంబరు బండి, టీజీ నంబరు బండి ఒకే చాయ్ దుకాణం ముందు ఆగుతాయి. ఏది ఎవరిదో ఏ ఓనరుకూ అనుమానం రాదు. "మా ఇంటికి వచ్చింది కాబట్టి పాత నంబరు పీకేయాల్సిందే" అని ఎవరూ పట్టుబట్టరు. ఆ బండికి ఉన్న భాగ్యం దాని వెనక సీటు మీద కూర్చుని అత్తగారింటికి పోతున్న కొత్త కోడలికి లేదు.

మూడు ముళ్లు పడ్డ మర్నాటి నుంచే సలహాదారులు దిగుతారు. "పేరు మార్పిచ్చుకున్నవా బిడ్డా? లేకుంటే రేపు ఆఫీసులల్ల ఇబ్బందయితది" అంటారు. ఏం ఇబ్బంది అంటే చెప్పరు. చట్టం అంటారు. ఏ చట్టం అంటే "ఉంటది, అన్నిటికీ ఉంటది" అంటారు.

ఆ చట్టాన్ని వెతుకుదాం. 1955 నాటి హిందూ వివాహ చట్టంలో పెండ్లి ఎప్పుడు చెల్లుతుందో ఉంది, ఎప్పుడు చెల్లదో ఉంది, విడాకులున్నాయి, మనోవర్తి ఉంది. భార్య పేరు మార్చుకోవాలన్న ముక్క మాత్రం భూతద్దం పెట్టినా దొరకదు. ఉమ్మడి రాష్ట్రం 2002లో పెండ్లిళ్ల నమోదును తప్పనిసరి చేస్తూ చట్టం తెచ్చింది. అది నమోదు చేయించుకోమంది, మళ్లీ నామకరణం చేయించుకోమనలేదు. పాస్‌పోర్టు కోసం ఆడవాళ్లు పెండ్లయ్యాక పేరు మార్చుకోనక్కర్లేదని సాక్షాత్తూ ప్రధానమంత్రే 2017 ఏప్రిల్‌లో ప్రకటించారు. ఆ మాట ఢిల్లీలో బయల్దేరి చాలా ఏళ్లయింది. మనూరు బస్సు ఇంకా ఎక్కినట్టు లేదు.

అయినా సరే, కొత్త కోడలు మార్చుకుంటానంది అనుకుందాం. ఈ పిల్లకు నేను పేరు పెట్టను. పెడితే దాన్ని కూడా మార్చమంటారు.

మొదట నోటరీ దగ్గర అఫిడవిట్. తర్వాత పేపర్లలో ప్రకటన. "పట్టాదారు పాస్‌బుక్ పోయినది", "ఒరిజినల్ సర్టిఫికెట్లు పోయినవి" అనే ప్రకటనల పక్కనే ఈమె పాత పేరు కూడా అచ్చవుతుంది. పోయినవాటి జాబితాలో దాన్ని వేసిన సబ్ ఎడిటర్‌కు తెలియకుండానే పెద్ద విమర్శకుడి దృష్టి ఉంది. పూర్తి లాంఛనంగా కావాలంటే గెజిట్. దానికి హైదరాబాద్ చంచల్‌గూడలోని ప్రభుత్వ ముద్రణాలయం దాకా కాగితాలు చేరాలి. మనూరు నుంచి వంద కిలోమీటర్ల పైమాటే. 2023 డిసెంబర్ 9 నుంచి ఆడవాళ్లకు ఆర్టీసీ ప్రయాణం ఉచితం కాబట్టి టికెట్ ఖర్చు లేదు. బస్సులో కండక్టర్ అడిగే ఆధార్‌లో ఏ పేరున్నదన్నదే ప్రశ్న.

ఆధార్‌లో పేరు జీవితంలో రెండుసార్లే మార్చుకోవచ్చని నియమం. మూడోసారి కావాలంటే ప్రత్యేకంగా మొర పెట్టుకోవాలి. మొదట్లో ఆపరేటర్ 'లక్ష్మి'ని 'లక్ష్మీబాయి' చేసి ఉంటే దాన్ని దిద్దించుకోవడానికి ఒకటి ఖర్చు. పెండ్లికి రెండోది ఖర్చు. ఆ సంసారం నిలబడకపోతే? అందుకే సర్కారు ఆడపిల్ల జాతకం ముందే చూసి, ఒక అచ్చుతప్పు, ఒక మొగుడు అని లెక్క తేల్చేసిందనిపిస్తుంది.

ఇక పదో తరగతి మెమో పుట్టింటి పేరే మోస్తుంది. ఇంటర్, డిగ్రీ దాని వెనకే నడుస్తాయి. పాన్ కార్డు మీద పెండ్లికి ముందూ పెండ్లి తర్వాతా తండ్రి పేరో తల్లి పేరో ఉంటుంది తప్ప మొగుడి పేరు రాదు. సర్కారు పెండ్లి సాయం కళ్యాణలక్ష్మి కింద 1,00,116 రూపాయలు రావాలంటే కాగితాలన్నీ పెండ్లికూతురు ఫలానా తల్లి బిడ్డేనని చెప్పాలి. ఎందుకంటే చెక్కు ఆ తల్లి పేరు మీద వస్తుంది. అదే పిల్ల రేషన్ కార్డు దగ్గరికి వచ్చేసరికి తల్లి కార్డులోంచి పేరు తీసేయించుకుని అత్తగారి కార్డులో ఎక్కాలి. తీసేయడానికి ఒక్కరోజు చాలింది. కొత్త కార్డులు, చేర్పులు ఏళ్ల తరబడి ఆగిపోయిన కాలంలో ఎక్కడానికి మాత్రం బిడ్డ పుట్టి బడికి పోయేదాకా పట్టింది. అన్నాళ్లూ ఆమె బియ్యం లెక్కల్లో ఏ ఇంటి మనిషీ కాదు. 2024 జనవరి నుంచి ఉపాధి హామీ కూలి ఆధార్ ఆధారంగానే పడాలన్నారు. జాబ్ కార్డులో ఒక పేరు, ఆధార్‌లో ఒక పేరు ఉంటే గంప మోసిన చేతులకు కాయలు కాస్తాయి, ఖాతాలో పైసలు పడవు. పేరు మార్చుకోకపోతే ఇబ్బందన్న సలహాదారు ఈ వరుసలో ఎక్కడా నిలబడి కనిపించడు.

పేరు మార్చుకోవడం ఇంత అయితే, తిరిగి తెచ్చుకోవడం ఇంకో పురాణం. పెండ్లయిన మహిళ మళ్లీ పుట్టింటి పేరుకు రావాలంటే విడాకుల డిక్రీ అయినా పెట్టాలి, భర్త ఇచ్చిన నిరభ్యంతర పత్రమైనా పెట్టాలి అని కేంద్ర గెజిట్ ప్రచురణ విభాగం నిబంధన పెట్టింది. దీన్ని సవాలు చేస్తూ ఒక మహిళ ఢిల్లీ హైకోర్టుకు పోతే 2024లో కోర్టు కేంద్రానికి నోటీసిచ్చింది. కొంచెం ఆగి ఆలోచించండి. ఆ పేరు ఇచ్చింది తల్లిదండ్రులు. మోసింది ఆమె. మొగుడు కనబడక ముందు ఇరవై ఏండ్లు ఆ పేరుతో బడికి పోయింది, పరీక్ష రాసింది, దెబ్బలు తిన్నది. ఇప్పుడు అది వాపసు కావాలంటే, ఎవరితో కోర్టులో కొట్లాడుతున్నదో ఆయన సంతకం కావాలి! పెండ్లయ్యాక ఆ పేరు తీసేసుకునేటప్పుడు తండ్రి నిరభ్యంతర పత్రం ఎవరైనా అడిగారా?

చట్టం దొరక్కపోతే సలహాదారు సంప్రదాయం తీస్తాడు. "అనాది నుంచి వస్తున్నది." ఏ అనాది? మనూరు మూడు రాష్ట్రాలు కలిసే దిక్కున ఉంది. మహారాష్ట్ర దిక్కు పిల్లనిస్తే మధ్యపేరు స్థానంలో తండ్రి పోయి మొగుడు కూర్చుంటాడు. కొన్ని ఇండ్లలో అసలు పేరే మార్చి, పళ్లెంలో బియ్యం పోసి, ఉంగరంతో కొత్త పేరు రాస్తారు. కర్ణాటక దిక్కు ఇస్తే లెక్క వేరు. మన దిక్కు ఇంటిపేరు ముందుంటుంది. ఇక్కడి ముస్లిం ఇండ్లలో ఎంతోమంది ఆడవాళ్లు పుట్టినప్పటి పేరుకు బేగం తగిలించుకుని అదే పేరుతో బతుకు దాటేస్తారు. ఇంత దగ్గర దగ్గరగా ఇన్ని అనాదులుంటే ఏ అనాదిని గెజిట్‌లో అచ్చు వేయాలి?

పైగా మన ఊళ్లలో పాతకాలం కోడలిని ఆమె పుట్టినూరి పేరుతోనే పిలిచేవారు. కంగ్టి నుంచి వస్తే కంగ్టామె, జోగిపేట నుంచి వస్తే జోగిపేటామె. మనుమలు పుట్టినా, పళ్లు ఊడినా ఆమె కంగ్టామెనే. ఇంటిపేరు కాగితం మీద కావాలన్నది బడి, బ్యాంకు, ఆఫీసు వచ్చిన తర్వాతి ముచ్చట. నిన్న జిరాక్స్ మిషన్‌తో పాటు వచ్చినదాన్ని వేదాల పక్కన కూర్చోబెడుతున్నారు.

ఇష్టపడి మార్చుకునేవాళ్లను ఎవరూ తప్పుపట్టరు. 1950లో రాజ్యాంగం మీద మన రాజమండ్రి ఆడబిడ్డ సంతకం చేసినప్పుడు ఆమె జి. దుర్గాబాయి. 1953లో చింతామణ్ దేశ్‌ముఖ్‌ను పెండ్లాడి దుర్గాబాయి దేశ్‌ముఖ్ అయింది. ఆమెకు నచ్చింది, పెట్టుకుంది. రాజ్యాంగంలో సంతకం సరిపోలడం లేదు, దిద్దించుకుని రమ్మని ఏ గుమాస్తా ఆమెను వెనక్కి పంపలేదు. ఆమెకున్న ఆ వెసులుబాటే మనూరు పిల్లకూ కావాలి. మార్చుకుంటే మార్చుకున్నట్టు, లేకుంటే లేనట్టు.

లోకం ఏమంటున్నదని కూడా అడగవచ్చు. కెనడాలోని క్యూబెక్ 1981 నుంచి పెండ్లయినా ఆడవాళ్లు పుట్టింటి పేరుతోనే ఉండాలంది. గ్రీసు 1983లో అదే దారి పట్టింది. ఆ రెండు చోట్లా మొగుళ్లు ఇంటికి దారి తప్పారన్న వార్త రాలేదు. ఇంకోవైపు జపాన్ ఉంది. అక్కడ సివిల్ కోడ్ 750వ అధికరణం ప్రకారం దంపతులిద్దరికీ ఒకే ఇంటిపేరు ఉండాలి, ఎవరిదన్నది వాళ్లిష్టం. అంత సమానంగా రాసిన చట్టం కింద దాదాపు నూటికి తొంభై అయిదు జంటల్లో మార్చుకున్నది ఆడవాళ్లే. అక్కడి సుప్రీంకోర్టు 2015లో, మళ్లీ 2021లో ఆ చట్టాన్నే సమర్థించింది. సలహాదారులు ఒక్క మనూరుకే సొంతం కాదు.

చట్టం, సంప్రదాయం రెండూ అయిపోతే చివరి బాణం తీస్తారు. "పేరుదేముంది బిడ్డా, నువ్వు ఇప్పుడు ఈ ఇంటి మనిషివి. ఆ సంగతి తెలియాలె గద." ఈ మాటను నేను చాలా గౌరవంగా తీసుకుంటాను. ఈ ఇంటి మనిషి అయితే ఈ ఇంటి కాగితాలు చూద్దాం.

కంది చేను పట్టా మామ పేరు మీద ఉంది. ఆయన తర్వాత కొడుకు పేరు మీదికి పోతుంది. ఇల్లు కూడా అంతే. కోడలికి వచ్చింది ఇంటిపేరు ఒక్కటే. అది పంచితే తరగదు, అమ్మితే పైసా రాదు, బ్యాంకులో పెడితే అప్పు పుట్టదు. ఉదారంగా ఇవ్వడానికి ఇంతకంటే మంచి వస్తువు దొరకదు.

పుట్టింటికి పోయి అడిగితే? 1985 సెప్టెంబర్ నుంచి అమల్లోకి వచ్చిన ఉమ్మడి రాష్ట్ర సవరణ, పెండ్లి కాని ఆడపిల్లలకు ఉమ్మడి ఆస్తిలో వాటా ఇచ్చింది. అప్పటికే పెండ్లయినవాళ్లను పక్కన పెట్టింది. 2005లో కేంద్రం ఆ తేడా తీసేసి, పెండ్లయినా కాకున్నా కూతురు కొడుకుతో సమానమంది. 2020లో వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు దాన్ని ఇంకా గట్టిగా చెప్పింది. అంటే చట్టం దృష్టిలో ఇంటిపేరు మారినా వాటా మారదు. ఊళ్లో మాత్రం అన్నదమ్ములు ఒడిబియ్యం పోసి, చీర పెట్టి, "నీ ఇంటిపేరే మారిపాయె, ఇంకా ఈడ ఏం పాలు చెల్లె?" అంటారు. అటు అత్తింట్లో పేరు వచ్చింది, పట్టా రాలేదు. ఇటు పుట్టింట్లో పేరు పోయిందని పట్టా పోయింది. పేరు మార్పిడి ఎవరికి ఉపయోగమో ఇప్పుడు తెలిసింది. ఉత్తగ ఒక్క అఫిడవిట్‌తో రెండు ఇండ్ల మగవాళ్ల భూములు భద్రం.

ఆమె "ఈ ఇంటి మనిషి" అన్న మాటను చట్టం నిజంగా పట్టుకునే చోటు ఒకటుంది. అది ఆమె చచ్చిపోయాక. 1956 హిందూ వారసత్వ చట్టం 15వ సెక్షన్ ప్రకారం భర్త, పిల్లలు లేని మహిళ వీలునామా రాయకుండా పోతే, ఆమె సొంతంగా సంపాదించింది ముందు భర్త వారసులకే. తల్లిదండ్రుల వంతు ఆ తర్వాతే. ఒకామెకు పెండ్లయిన మూడు నెలల్లోపే భర్త పాము కాటుతో పోయాడు. అత్తింటివాళ్లు వెళ్లగొట్టారు. తల్లిదండ్రులు చదివించారు, ఉద్యోగం చేసింది, కూడబెట్టింది, వీలునామా రాయకుండా పోయింది. 2009లో సుప్రీంకోర్టు ఆ ఆస్తిని ఆమె తల్లి తరఫువాళ్లకు కాదు, ఆడపడుచు కొడుకులకు ఇచ్చింది. బతికున్నప్పుడు ఆ ఇంటి మనిషి కాదని గెంటినవాళ్లకే ఆమె పైసలు ఆ ఇంటివయ్యాయి.

కాబట్టి సలహాదారులకు నాదొక సలహా. పేరు మార్చుకోవాలంటే అఫిడవిట్, పేపరు ప్రకటనలు, చంచల్‌గూడ దాకా తిరుగుడు. అదే భూమి అయితే ఏ కష్టమూ లేదు. 2020లో భూరికార్డుల పోర్టల్ ధరణి వచ్చినప్పటి నుంచి సాగుభూమి రిజిస్ట్రేషన్ తహసీల్దార్ ఆఫీసులోనే అవుతోంది. మ్యుటేషన్ కూడా అక్కడే, అప్పుడే. ధరణి పోయి భూభారతి వచ్చినా ఆ సౌకర్యం అట్లనే ఉంది. కోడలు ఇంటి మనిషని రుజువు చేయడమే మీ ఆరాటమైతే, అంత దూరం పోయి అంత కష్టపడడం దేనికి? మనూరు మండలంలోనే పొద్దున పోయి, ఒక ఎకరం గిఫ్ట్ డీడ్ చేసి, సాయంత్రానికి ఇంటికి రావచ్చు. ఏ పేరుతో చేసినా సరే, ఆమె ఏమీ అనుకోదు. స్లాట్ మీసేవలో దొరుకుతుంది.