ఆఫ్‌లైన్ మామగారు

ఫ్రిస్కో అనండి, ఎడిసన్ అనండి, ఫ్రీమాంట్ అనండి, తెలుగువాళ్లు గట్టిగా పాతుకుపోయిన ఏ అమెరికా ఊరికైనా వేసవి సాయంత్రం వెళ్లి చూడండి. పార్కు బెంచీ మీద ఇస్త్రీ ప్యాంటు, తెల్ల బూట్లు, అల్లుడి ఆఫీసువాళ్లు ఊరికే పంచిన టీషర్టు వేసుకుని ఒక పెద్దాయన కనిపిస్తారు. కళ్లజోడు నుదుటి మీదికి తోసేసి, ఫోను ముక్కుకి జానెడు దూరంలో పట్టుకుని, దస్తావేజు మీద వేలిముద్ర వేస్తున్నంత శ్రద్ధగా తెర నొక్కుతుంటారు. ఇప్పుడు పలకరించకండి. కాయ పండబోతోంది.

ఈయన ఆరు నెలల అతిథి. ఊళ్లో సబ్ రిజిస్ట్రారుగానో, కరెంటాఫీసు సూపరింటెండెంటుగానో జనాన్ని గుమ్మంలో నిలబెట్టిన మనిషి. ఇక్కడ కారు నడపలేరు, మిరపకాయ బజ్జీ తినాలన్నా శనివారం దాకా ఆగాలి. "ఆరు నెలల భాగ్యానికి సిమ్ము దేనికి నాన్నా, ఇంట్లో వైఫై ఉందిగా" అంది కూతురు. దాంతో గడప దాటితే ఫోనుకి నెట్ లేదు. ఇంకొకరైతే అలిగి తిరుగు టికెట్టు అడిగేవారు. ఈయన మాత్రం ఒక గొప్ప రహస్యం కనిపెట్టారు. నెట్ లేకపోతే చాలా ఆటల్లో యాడ్లు రావు! ఆ రోజు నుంచి ఇంట్లో కూడా ఫోనుని ఏరోప్లేన్ మోడ్‌లోనే ఉంచుతున్నారు. ఆయన డాలస్‌లో దిగి రెండు నెలలైంది, ఫోను ఇంకా దిగలేదు.

మొదట ముగ్గులోకి దింపింది క్యాండీ క్రష్. 2012 నాటి ఆట, నెట్ లేకపోయినా నడుస్తుంది. జెట్‌లాగ్ రోజుల్లో తెల్లవారుజామున మూడింటికి హాల్లోంచి గంభీరంగా "డివైన్!" అని మగగొంతు వినిపిస్తే, ఎవరో స్వామీజీ ప్రవచనం వింటున్నారనుకుని వియ్యపురాలు భక్తిగా తలుపు దగ్గరకి వేసిందట. ఏళ్ల తరబడి షుగరు మాత్రలు మింగుతూ, జిలేబీ వంక చూడ్డానికి కూడా భార్య అనుమతి కావాల్సిన మనిషి, ఫోను "షుగర్ క్రష్!" అని అరిచినప్పుడల్లా ఆవిడ వైపు ఓ చూపు విసురుతారు.

ఆ ఆటలో ప్రాణాలు ఐదే. పోయిన ఒక్కో ప్రాణం తిరిగి రావడానికి అరగంట పడుతుంది. సర్కారీ కొలువులో తేదీలు వెనక్కీ ముందుకీ జరగడం చూసిన కళ్లకి ఇదో లెక్కా? సెట్టింగ్స్‌లోకి వెళ్లి తేదీ రేపటికి జరిపారు, ఐదు ప్రాణాలూ లేచి కూర్చున్నాయి. అలా రేపు, ఎల్లుండి దాటుకుంటూ ఆయన ఫోను వచ్చే గురువారంలోకి వెళ్లిపోయింది. ఓ రోజు కూతురు పట్టుబట్టి వైఫై కలిపితే, ముందు ఫోను తేదీ సరిచేసుకోమని వాట్సాప్ మొండికేసింది. ఈలోగా ఫోను చూసి ఏకాదశి ఉపవాసం నాలుగు రోజుల ముందే చేసేశారు. పుణ్యం ఏ ఖాతాలో పడిందో తెలియదు.

మనవడు నేర్పిన డైనోసార్ ఆట సంగతి వేరు. క్రోమ్‌లో నెట్ పోయినప్పుడు కనిపించే ఆ బుల్లి జంతువు 2014 నుంచీ ముళ్లచెట్ల మీదుగా గెంతుతూనే ఉంది. అది కోటీ డెబ్భై లక్షల ఏళ్లు పరిగెత్తేలా కట్టామని తయారుచేసినవాళ్లే సరదాగా చెప్పుకున్నారు. "నాకు వీళ్లిచ్చింది ఆరు నెలలే కదరా" అని తాతగారు కాస్త దిగులుపడ్డారు.

2024 డిసెంబరులో కోనేరు హంపి న్యూయార్క్‌లో ప్రపంచ మహిళల ర్యాపిడ్ చదరంగం రెండోసారి గెలిచినప్పుడు "మా గుడివాడ పిల్ల" అని వీధంతా చాటిన మనిషి కదా, ఇక్కడికొచ్చాక ఫోన్లో కంప్యూటర్‌తో తనూ ఆడారు. ఈజీ లెవెల్లోనే ఓడి, "దీనికి పెద్దా చిన్నా లేదు" అని ఆ ఆట పీకేశారు.

అసలు వైభవం చూడాలంటే లూడోలో చూడాలి. నవీ ముంబై కంపెనీ ఒకటి 2016లో తెచ్చిన లూడో కింగ్‌లో ఒకే ఫోను చేతులు మార్చుకుంటూ నలుగురు ఆడొచ్చు, నెట్‌తో పనిలేదు. బెంచీ మీద గుంటూరు, వరంగల్, నెల్లూరు, శ్రీకాకుళం. ఎవరూ ఎవరికీ చుట్టం కాదు, అందరూ బావగార్లే. నెల్లూరాయన ఫోను పట్టుకుంటే వదలరు. గుంటూరాయన కాయ చావబోతున్నప్పుడల్లా "మీ అబ్బాయికి గ్రీన్‌కార్డు వచ్చిందా బావగారూ?" అని సరిగ్గా ఎదుటివాడి ఏకాగ్రత మీద కొడతారు. మన మామగారి బాధ మరొకటి. "అష్టాచెమ్మా అయితే గవ్వల్ని వేళ్ల సందున తిప్పి కావలసిన పందెం వేసేవాణ్ణి. ఈ పాచిక లోపలెక్కడో పడుతుంది, చెయ్యి పెట్టడానికి లేదు." చీకటి పడి, కోడళ్లూ కూతుళ్లూ వెతుక్కుంటూ వచ్చేదాకా ఇదే వరస. ఫోన్లు చేసి లాభంలేదని వాళ్లకి ఎప్పుడో తెలిసిపోయింది.

అమ్మానాన్నల్ని పిలిపించుకుంటున్నవాళ్లకి నాదొక మనవి. పెట్టెలో ఆవకాయ సర్దించే ముందు ఈ ఆటలు ఫోన్లోకి దింపించి, ఇంట్లో నెట్ ఉండగానే ఒక్కో ఆటా ఒకసారి తెరిపించండి. కొన్ని మొదటిసారి నెట్ అడుగుతాయి. సిమ్ము కూడా కొనిపెట్టండి, మీకు చెడ్డపేరు రాకుండా ఉంటుంది. ఆయన ఎలాగూ ఆన్ చెయ్యరు.