మూలం: సంస్కృతం (అట)

మా మేనకోడలి కొడుకు బారసాల. పళ్లెంలో బియ్యం పోశారు. తండ్రి ఉంగరం తీసి పేరు రాయడానికి సిద్ధంగా ఉన్నాడు. వెనక గోడకి ఫ్లెక్సీ: ‘ఆరవ్ – శాంతి స్వరూపుడు’. ఎవరో దాన్ని పైకి చదివారు. మా అమ్మకి చెవులు సరిగ్గా వినబడవు. “ఆరవ వాడేమిటే, ఇది తొలికాన్పేగా!” అంది. అందరూ ఘొల్లుమన్నారు. నిజం చెప్పాలంటే, ఆ హాల్లో పేరుకి అర్థమేమిటని అడిగిన మనిషి ఆవిడొక్కతే.

నేను ఊరుకోలేక ఫోన్లో నిఘంటువు తెరిచాను. 1899లో అచ్చయిన మోనియర్ విలియమ్స్ సంస్కృత నిఘంటువులో ‘ఆరవ’ అంటే అరుపు, ఏడుపు, ఊళ, ఉరుము. శాంతి ఆ చుట్టుపక్కల ఎక్కడా లేదు. అసలు అంతదూరం పోవడమెందుకు? పక్షుల కలరవం మనకి తెలియంది కాదు. రవం అంటే చప్పుడు. చప్పుడు లేకపోతే నీరవం. ఇంటర్నెట్లో పిల్లల పేర్ల జాబితా రాసినవాడెవడో వరస తప్పి నీరవ్ అర్థాన్ని ఆరవ్ పక్కన అంటించినట్టున్నాడు.

“పది చోట్ల చూశాం మామయ్యా, పది చోట్లా శాంతి అనే ఉంది” అంది మేనకోడలు. ఒకడి పేపరు చూసి తొమ్మిదిమంది కాపీ కొడితే అది పది సాక్ష్యాలు కాదే తల్లీ అనబోయి, బాలింతతో వాదనెందుకని మింగేశాను.

ఈ జాబితాల్లో ‘మూలం’ అని ఒక గడి ఉంటుంది. ఎవరి బిడ్డో తెలియని ప్రతి పదానికీ అక్కడ తండ్రి పేరు సంస్కృతమే. రేయాన్ష్ అంటే సూర్యకిరణమట, విష్ణు అంశట. అంశ సంస్కృతమే, కాదనను. ఆ ‘రే’ మాత్రం పాణిని ఇచ్చింది కాదు, ఎక్స్‌రేలో ఉన్నదే. కియారా ఇంకా సుఖం. ఐర్లండ్ దారిన వస్తే నల్లనిది, ఇటలీ దారిన వస్తే కాంతి. మనవాళ్లు ఏ దారి పడతారో వేరే చెప్పాలా?

పాపం, తల్లిదండ్రుల ఇబ్బందీ ఉంది. హస్తా నక్షత్రానికి పూ, ష, ణ, ఠ అంటారు పంతులుగారు. మొదటి పాదమైతే పూజ, పూర్ణిమ అని గట్టెక్కొచ్చు. మూడో పాదంలో పుట్టినవాడికి ‘ణ’తో పేరు ఏ అంగడిలో దొరుకుతుంది? ఆ సందులోంచే దూరతాడు జాబితావాడు. అడిగిన అక్షరానికి అప్పటికప్పుడు పేరు వండుతాడు. అర్థం తోచకపోతే లక్ష్మీదేవి ఉండనే ఉంది.

పేరు అల్లడం తప్పేం కాదు. స్నేహితురాలి ఇంటిపేరులోంచి ఒక ముక్క, ముద్దుపేరులోంచి ఒక ముక్క తీసి జోనథన్ స్విఫ్ట్ ‘వనెస్సా’ అల్లాడు. అది లాటిన్ అని దబాయించలేదు. మీరూ అల్లుకోండి. మూలం గడిలో ‘మా ఆయన బుర్ర’ అని రాసుకోండి, ఎవరొద్దన్నారు?

మన పాతవాళ్లకి ఈ బాధ లేదు. పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోతుంటే, దక్కినవాణ్ణి పుల్లాకుల్లో, అంటే ఎంగిలి విస్తళ్లలో, దొర్లించి పుల్లయ్య అన్నారు. పెంటకుప్ప మీద వేసి తీసి పెంటయ్య అన్నారు. దర్గాకి మొక్కుకుని హిందువుల ఇళ్లలోనూ మస్తానమ్మ అన్నారు. ఆ పేర్లు విని ఇవాళ నవ్వుతాం గానీ, పుల్లయ్యని ఆపి నీకీ పేరెందుకొచ్చిందని అడిగితే చెప్పడానికి ఒక కథ ఉండేది, అది నిజం కూడా.

రిటర్న్ గిఫ్టు స్టీలు డబ్బాల మీద కూడా ‘శాంతి’ చెక్కించేశారట, ఇక మార్చడం కుదరదన్నారు. నేనూ ఒక డబ్బా పుచ్చుకుని భోజనానికి లేచాను. లోపల గదిలో శాంతి స్వరూపుడు పైకప్పు లేచిపోయేలా నిఘంటువుని సమర్థిస్తున్నాడు. మా అమ్మ ఉయ్యాల ఊపుతూ “ఊరుకోరా ఆరోవాడా, ఊరుకో” అంటోంది.