అమీనా పద్యం: టీకా తాత్పర్య సహితం

మూలం:

సర్వె నంబరందు జారెనొక్కటి యంకె
అమలు నిలుపుమనుచు నాజ్ఞ వచ్చె
దిద్దునంతవరకు తీయకు గొలుసును
వెనుకకేగుమయ్య వినుమమీన

అవతారిక: ఈ ఆటవెలది నరసరావుపేట కోర్టు ఆవరణలో, ఈపీ (డిక్రీ అమలు పిటిషన్) వాయిదాకు పేరు పిలిచేదాకా నిలబడ్డ కక్షిదారు ఎవరో చెప్పిందని ప్రతీతి. కవి పేరు తెలియదు. గెలిచినవాడేనని మాత్రం ఏడుపును బట్టి చెప్పవచ్చు.

టీక: సర్వె నంబరందు = పొలం సర్వే నంబరులో; జారెనొక్కటి యంకె = ఒక అంకె చోటు తప్పింది. దావా షెడ్యూల్లో 214 అనే ఉంది, తీర్పులోనూ 214 అనే ఉంది. డిక్రీ టైపయ్యేటప్పుడు 241 అయిందనుకుందాం. ఎవరు జార్చారో కవి చెప్పడు. 'జారెను' అకర్మకం, అంకె తనంతట తానే జారింది. ఆఫీసు తప్పులన్నిటికీ ఇదే వ్యాకరణం.

గొలుసును = సర్వే గొలుసును. మెడలోని గొలుసని కొందరన్నారు. అది కాపీ దరఖాస్తులకీ వకీలు గుమాస్తాకీ ఎప్పుడో పోయి ఉంటుంది గనుక 'తీయకు' అన్న నిషేధం పొసగదు.

వినుమమీన = వినుము + అమీన, అంటే డిక్రీ అమలు చేసే కోర్టు అమీనా. గురజాల ప్రతిలో 'వినుమ, మీన' అని విరిచి చేపకు సంబోధన అన్నారు. వేసవిలో నాగులేరు చూసినవాళ్లెవరూ దీన్ని ఒప్పుకోరు.

శంక: గెలిచాక ఒక్క అంకె కోసం అమలు ఆపాలా?

సమాధానం: ఆపాలి. అమలు చేసే కోర్టు డిక్రీని తిరగరాయలేదు. కాగితం మీద 241 ఉంటే అమీనా 241లోనే దిగాలి. అది దావాతో సంబంధం లేని మూడోవాడి మిరపచేను. కాయ మీదున్నప్పుడు దిగితే అతను ఊరుకుంటాడా? నరసరావుపేట డిక్రీ అమలుకు మాచర్ల కోర్టుకు వెళ్లిందంటే, తగిన కారణం చూపితే అక్కడ సముచితకాలం ఆపాలని సివిల్ ప్రొసీజర్ కోడ్ 21వ ఆర్డరు 26వ రూలు. సముచితకాలం అంటే ఎంతో 1908 నుంచీ టీకాకారులు తడుముకుంటూనే ఉన్నారు.

కర్తృవిచారం: అసలు చిక్కు 'దిద్దునంతవరకు' దగ్గర. ఎవరు దిద్దే వరకు? పద్యంలో కర్త లేడు. అదే కోడ్ 152వ సెక్షన్ చూస్తే, రాత పొరపాటునీ లెక్క పొరపాటునీ కోర్టు తనంతట తానే దిద్దవచ్చు, పక్షాల్లో ఎవరడిగినా దిద్దవచ్చు, ఎప్పుడైనా దిద్దవచ్చు. తీర్పును తిరగదోడకపోతే చాలు. అందరూ కర్తలైన చోట ఎవరూ కదలరు. తప్పు పట్టినవాడు ఓడినవాడు. స్టే చేతికొచ్చాక దిద్దించే తొందర అతనికెందుకు? చివరికి గెలిచినవాడే దిద్దమని ఐఏ వేస్తాడు. దానికి కౌంటరు వేయడానికి ఓడినవాడు గడువడుగుతాడు. తప్పుందన్నదీ తనే, దిద్దొద్దన్నదీ తనే. ఆలంకారికులు దీన్ని విరోధాభాసం అంటారు. కోర్టు హాల్లో ఒక వాయిదా అంటారు. స్టే ఇచ్చే కాగితం మీదే ఎవరు, ఏ తేదీలోగా దిద్దించాలో రాస్తే ఈ పద్యం పుట్టేదే కాదని నా మతం.

విశేషం: ఈ దేశంలో కక్షిదారు కష్టాలు డిక్రీ చేతికొచ్చాకే మొదలవుతాయని లండన్‌లోని ప్రీవీ కౌన్సిల్ 1872లోనే గుర్తించింది. పల్నాటివాళ్లకిది ఇంకా ముందే తెలుసు. పల్నాటి వీరగాథలో ఏడేళ్ల వనవాసం గడువు తీరాక మాచర్ల తిరిగిమ్మని అడగడానికి గురజాల వెళ్లిన అలరాజును మన తొలి అమీనాగా లెక్కించాలి. వెళ్లింది పిల్లనిచ్చిన మామ దగ్గరికే. అయినా చర్లగుడిపాడు దగ్గర విషానికి బలయ్యాడు. అప్పట్లో స్టే లేదు, కారంపూడి రణరంగం ఉంది.

తాత్పర్యం: ఓ అమీనా! అంకె సరిపడేదాకా గొలుసు సంచిలోనే ఉంచి వెనక్కి వెళ్లు. డిక్రీదారుడా, నువ్వూ బెంగపడకు. అమలుకు లిమిటేషన్ చట్టం (1963) ఇచ్చిన 12 ఏళ్లలో స్టే ఉన్న రోజులు కలవవు. అమీనాకు బత్తా మాత్రం మళ్లీ కట్టు.