పెద్దలు ఇద్దరు

దాంపత్యమున అపార్థము పామరులకే గాక ప్రభువులకును తప్పలేదని చెప్పుట కొక కథ కలదు. 1509లో సింహాసన మధిష్ఠించిన శ్రీకృష్ణదేవరాయలు, నిద్రలో తిరుమలదేవి పాదములు తన చిత్రపటమువైపు ఉండుట చూచి అలిగెననియు, ఆమెవెంట అరణముగా వచ్చిన నంది తిమ్మన, సత్యభామ పాదతాడనమునకు సైతము కోపింపని శ్రీకృష్ణుని వర్ణించుచు ఐదాశ్వాసముల పారిజాతాపహరణమును రచించి ఆ యలుక తీర్చెననియు అందురు. అరణపు కవి గల అల్లుడు ధన్యుడు. మా మామగారు నాకిచ్చినవి మంచము, బీరువా, ఒక బామ్మర్ది. మువ్వురిలో కవిత్వము చెప్పగల వారెవరును లేరు.

తిమ్మాజిపేటలోని మా యింట అనుమానమునకు చిత్రపట మక్కరలేకపోయెను. చొక్కాజేబులోని బస్సు టికెట్టు చాలెను. జడ్చర్లకు పోవుచుండగా, చిల్లర కరవైన కండక్టరు నాకును పక్కసీటు పెద్దమనిషికిని కలిపి ఒకే టికెట్టు కొట్టి, రావలసిన పైకమును ఒకే నోటుగా చేతబెట్టి, "దిగినంక పంచుకోండ్రి" అని ముందుకు సాగెను. దానిని మార్చుకొని వత్తునని దిగిన ఆ మహానుభావుడు జనసమ్మర్దమున అంతర్ధానమయ్యెను; టికెట్టు మాత్రము నాతో ఇల్లు చేరెను.

బట్టలు నానవేయబోవుచు మా యావిడ దానిని చదివి, "ఇందుల పెద్దలు ఇద్దరని ఉన్నది. ఆ రెండో మనిషెవరు?" అనెను. నేను గొంతు సవరించుకొని, 2023 డిసెంబరు 9 నుండి మహాలక్ష్మి పథకమువలన పల్లెవెలుగు, ఎక్స్‌ప్రెస్ బస్సులలో స్త్రీలకు సున్నా టికెట్టే గనుక, పైకము చెల్లించిన ఆ రెండవ ప్రాణి పురుషుడే కావలెనని సిద్ధాంతీకరించితిని. ప్రభుత్వమునే సాక్షిగా నిలిపితినిగదా యని నేను మీసము దువ్వుచుండగనే, ఆ పథకము ఈ రాష్ట్రపు స్త్రీలకే వర్తించునని నాకంటె చక్కగా నెరిగిన ఆమె, "అయితే ఆమెది మన రాష్ట్రం గాదన్నట్టు! కర్నూలుదా, రాయచూరుదా?" అనెను.

సాక్ష్యము చూపినకొలది అనుమానము బలియును. నా తర్కమువలన ఊరుపేరు లేని ప్రయాణికుడొకడు స్త్రీగా మారుటయే గాక, ఆమెకు అప్పుడే ఊరు కూడ ఏర్పడెను. మరి రెండు ముక్కలు మాటలాడియుంటినేని పేరును, పిల్లలును కలిగెడివారు.

తుదకు ఆమె, "మరి మన సగం పైసలేవి?" అని అడుగగా, రెండవ వాడే పట్టుకొని పోయెనంటిని. తక్షణమే ఆమె ముఖము ప్రసన్నమయ్యెను. చేతికందిన నోటును నిలుపుకొనలేనివాడు పరకాంతా వ్యవహారము నడుపజాలడని ఆమె తీర్పు. అందు నా శీలమును గూర్చి ఒక్క మాటయు లేదు. అయినను విడుదల విడుదలయే గనుక, నేను పైకోర్టుకు పోదలచుకొనలేదు.