మంచుకు మర్యాదలు

హిమానీనదాలకు మర్యాదలో లోటు జరిగిందని ఇక ఎవరూ నోరెత్తడానికి లేదు. ఐక్యరాజ్యసమితి 2025ను ఏడాది మొత్తం వాటి పేర రాసిచ్చింది. అది చాలదన్నట్టు ఏటా మార్చి 21న ఒక ప్రత్యేక దినం. బ్యానర్లు, బ్యాడ్జీలు, టీ బిస్కెట్లు సరే సరి.

స్విట్జర్లాండ్ వాళ్లది మరీ మెత్తని మనసు. రోన్ హిమానీనదానికి ఎండ తగలకుండా వేసవిలో తెల్లటి దుప్పట్లు కప్పుతూ వచ్చారు. మొత్తానికి కాదు లెండి, లోపల మంచు గుహ తొలిచిన మేరకే. గుహకు టిక్కెట్టు పెట్టారు మరి! దుప్పటి పనిచేయదనకూడదు. కప్పినచోట కరగడం సగానికి పైగా తగ్గుతుంది. అయితే దేశంలోని మంచంతా కప్పేస్తే పోలా అని పరిశోధకులు లెక్క కడితే, ఏటా వంద కోట్ల ఫ్రాంకుల పైమాటే అని తేలింది. ఈలోగా 2022, 2023 రెండేళ్లలోనే అక్కడి మంచులో పదోవంతు మాయమైంది. పొగ తగ్గించుకుంటే దుప్పటి ఖర్చుండదు కదా అని అడిగేవాడికి ఏ సభలోనూ ముందు వరసలో కుర్చీ వేయరు.

ఐస్‌లాండ్‌లో ఏకంగా సంతాప సభే పెట్టారు. ఓక్ అనే హిమానీనదం తన బరువుకు తాను కదల్లేనంత పలచబడిందని 2014లో తేల్చారు. కదలని మంచు హిమానీనదం కాదు. 2019 ఆగస్టులో ప్రధానమంత్రి సహా అంతా వెళ్లి ఫలకం బిగించారు. గాలిలో బొగ్గుపులుసు వాయువు ఎంతుందో దానిమీదే చెక్కారు: పది లక్షలకు 415 భాగాలు. హంతకుడి వివరాలు కూడా ఉన్న సమాధి ఫలకం ఇదొక్కటేనేమో.

మన దగ్గర ఇంత సెంటిమెంటు లేదు. ఎండాకాలంలో సింధు, గంగలకు నీళ్లందించే వాటిలో పైనున్న హిమాలయాల మంచు ఒకటని బడిలో చదివాం, పరీక్ష రాశాం, మరిచాం. సిక్కింలో దక్షిణ లొనాక్ హిమానీనదం కరిగి కింది సరస్సు ఉబ్బుతోందని, ఎప్పుడైనా తెగొచ్చని శాస్త్రవేత్తలు ఏళ్ల ముందే చెప్పారు. నీళ్లు తోడడానికి పైపులూ వేశారు. 2023 అక్టోబరు 3 రాత్రి గట్టు జారి సరస్సులో పడింది, సరస్సు తెగి తీస్తా నదిలో పడింది. చుంగ్‌థాంగ్‌లో 1200 మెగావాట్ల ప్రాజెక్టు ఆనకట్ట కొట్టుకుపోయింది. పదుల ప్రాణాలు పోయాయి.

తర్వాతేమైందంటారా? హిమానీనదాల సంవత్సరం వచ్చింది. ఆ జనవరిలోనే పర్యావరణ శాఖ నిపుణుల కమిటీ మళ్లీ అక్కడే కొత్త ఆనకట్టకు సిఫారసు చేసింది. పాతది 60 మీటర్ల ఎత్తు, కొత్తది 118. ఈసారి కాంక్రీటుతో కడతారట, ఎంత వరదొచ్చినా తట్టుకుంటుందట.